తవ్వెడు తౌడుకి వచ్చిన పేరు

ఆ రోజుల్లో మా వైపు పిల్లలకి పేర్లు ముద్దుకొద్దీ కాదు, భయంకొద్దీ పెట్టేవారు. ఒక ఇంట్లో వరసగా ఇద్దరు పిల్లలు దక్కకపోతే, మూడోవాడికి యముడు కూడా ముక్కు మూసుకుని పక్కింటికి పోయేలాంటి పేరు వెతికేవారు (పక్కింటివాళ్ళూ అదే పని చేసి ఉండేవారు కాబట్టి, ఆయన మా వీధంతా ముక్కు మూసుకునే దాటాలి). పెంటకుప్ప మీద దొర్లించి పెంటయ్య అనేవారు. ఎంగిలి పుల్లివిస్తళ్ళ మీద దొర్లించి పుల్లయ్య అనేవారు. అదీ చాలదనుకుంటే పిల్లవాణ్ణి అమ్మేసేవారు. నన్ను అమ్మేశారు. నాకు ముందు పుట్టిన ఇద్దరూ నెల తిరక్కుండా పోయారట. అందుకని నేను పుట్టిన పదకొండో నాడు మా అమ్మ నన్ను చేటలో పడుకోబెట్టి, గుమ్మం ముందు నిలబడి, "ఈ గుంటడు నాకొద్దు, ఎవురైనా కొనుక్కోండర్రా" అని కేకేసిందట. ముందే చెప్పి ఉంచిన ప్రకారం రెండిళ్ళవతల ఉండే ఆవిడ తవ్వెడు తౌడు తెచ్చి మా అమ్మ కొంగులో పోసి, నన్ను చేటతో సహా ఎత్తుకుపోయి, ఒక పూట తన ఇంట్లో ఉంచుకుని, "నా బిడ్డని పెంచిపెట్టవే" అని తిరిగి మా అమ్మకే అప్పగించిందట. తౌడు పోసి కొన్నారు కాబట్టి నేను తవిటయ్యని. ఈ బేరంలో యముడు ఎక్కడ మోసపోయాడో నాకిప్పటికీ తెలీదు గానీ, ఎనభైకి దగ్గరపడి ఇది రాస్తున్నాను కాబట్టి ఎక్కడో మోసపోయే ఉంటాడు.

నన్ను కొన్న ఆవిడని నేను కొన్నమ్మ అనేవాణ్ణి. ఆవిడకి పుట్టినవాళ్ళెవరూ నిలవలేదు, భర్త కూడా తొందరగానే పోయాడు. వడ్లు ఉడకబెట్టి, ఆరబోసి, దంచి, ఆ దంపుడు బియ్యం నెల్లిమర్ల జూటుమిల్లు కూలీల ఇళ్ళకి అమ్ముకుని బతికేది. బియ్యం ఊరందరికీ, నూకలు తనకీ, తౌడు గేదెలున్నవాళ్ళకీ. మా అమ్మ నన్ను కొట్టబోతే ఎక్కణ్ణించో ఊడిపడి, "ఒసే, ఆడు నా బిడ్డే. కొట్టాలంటే నన్నడిగి కొట్టు" అనేది. (అడిగితే ఒప్పుకునేది కూడా. ఎన్ని దెబ్బలో మాత్రం తనే చెప్పేది.) ఇంతవరకూ బాగానే ఉంది. చిక్కల్లా ఆవిడ గొంతుతోనే వచ్చింది. నా పేరుని ఆవిడ పిలిచే పద్ధతి వేరు. మధ్యలో సాగదీసి, చివర్లో ఎత్తి, "ఒరే తవిటీ...గా!" అనేది. ఆ కేక మూడు వీధులు దాటి, చెరువుగట్టు ఎక్కి, అవతల గోళీలాడుకుంటున్న నన్ను చెవి పట్టుకుని లాక్కొచ్చేది. చిన్నప్పుడు అది నాకు వినిపించడమే గానీ, తప్పుగా తోచలేదు. ఎస్సెల్సీ చదువుకి విజయనగరం వెళ్ళి, అక్కడ రవీంద్రులూ సుధాకరులూ ఉన్న క్లాసులో కూర్చున్నాక గానీ నా పేరు ఎంత పొట్టు పట్టి ఉందో తెలిసిరాలేదు. ఆ మొదటి రోజు హాజరు పిలిచినప్పుడు క్లాసంతా నవ్వింది. హెడ్మాస్టరుగారు జాలిపడి సర్టిఫికెట్లో 'టి. నాయుడు' అని కురచ చేసి రాసిపెట్టారు. అప్పణ్ణించి ఆ 'టి' అనే ఒక్క అక్షరం వెనకాల నేను తలుపు చాటు కోడలిలా దాక్కుని తిరిగాను.

ఇరవయ్యొకటో ఏట, అంటే అరవై ఏడులోనో ఎనిమిదిలోనో, విజయనగరం పొలిమేరలో నాకో ఉద్యోగం దొరికింది. అద్దెకి తీసుకున్న పాత పెంకుటిల్లు. దాన్ని అందరూ 'పురుగుల ఆఫీసు' అనేవారు. చెరకుతోటల్లో పీకపురుగు పడి మొవ్వులు ఎండిపోతుంటే, దాని గుడ్లని నాశనం చేసే ఒక జాతి కందిరీగల్ని పెంచి రైతులకి ఇవ్వడం మా పని. కందిరీగ అంటే నడుం సన్నగా, కుడితే ముఖం వాచేది అనుకునేరు. ఇవి సూదిమొన మీద రెండు కూర్చోగలవు. గాజుగొట్టంలో వేసి ఎండకెదురుగా పట్టుకుంటే, పొద్దున కిటికీలోంచి పడే వెలుగులో ధూళి ఆడినట్టు ఆడతాయి, అంతే. ఈ కందిరీగ తన గుడ్డుని ఇంకో పురుగు గుడ్డులో పెడుతుంది. పిల్ల ఆ గుడ్డునే తిని పెరిగి, దానిలోంచే బయటికి వస్తుంది. మరి వీటికి ఏడాది పొడుగునా గుడ్లు కావాలి కదా, అందుకని బియ్యంలో పుట్టే బూడిదరంగు రెక్కలపురుగుని పెంచేవాళ్ళం. ఆ పురుగుకి మేత తౌడు. చెక్కపెట్టెల నిండా తౌడు. గదుల నిండా తౌడు వాసన. దేవుడు నాకు ఇన్ని ఉద్యోగాలుండగా వెతికి వెతికి తౌళ్ళో ఉద్యోగం ఇచ్చాడని మొదటి రోజే నాకు ఏడుపొచ్చింది.

మా ఆఫీసరుగారు గోదావరి వైపు మనిషి, పెళ్ళి చేసుకోలేదు, నెత్తిన ఎప్పుడూ ఖాకీ టోపీ. ఆయన్ని చుట్టుపక్కల వాళ్ళంతా లాటిను మాస్టారు అనేవారు. పురుగుల పేర్లంటే ఆయనకి ప్రాణం. పురుగు ఏంచేస్తుందో రెండు ముక్కల్లో చెప్పి, దాని పేరు ఎక్కణ్ణించి వచ్చిందో రెండు గంటలు చెప్పేవారు. "చూడు నాయనా, ట్రైకోగ్రామా. గ్రీకు మాట. ట్రైకో అంటే వెంట్రుక, గ్రామా అంటే గీత. దీని రెక్కల మీద వెంట్రుకలు గీతలు గీసినట్టు వరసగా ఉంటాయి. పేరు పెట్టినవాడు ఎంతసేపు చూసి ఉంటాడో!" అనేవారు కళ్ళు మూసుకుని. తౌడు తినే పురుగు పేరు కార్సైరా సెఫలోనికా అట. అవి గ్రీకు దేశంలో రెండు ద్వీపాల పేర్లట. చుట్టూ నీలపు నీళ్ళు, తెల్లటి ఓడలు, ద్రాక్షతోటలు అని ఆయన చెప్తుంటే నేను తౌడుపెట్టె మీద మోచెయ్యి ఆనించి వినేవాణ్ణి. బయట మధ్యాహ్నపుటెండలో నిమ్మకు నీరెత్తినట్టున్న చెరకుతోటలు, లోపల నా చుట్టూ గ్రీకు సముద్రం. ఆ కలలోంచి ఒక్క సంగతి మాత్రం ముల్లులా గుచ్చుకునేది. తౌడు తినే పురుగుకి రెండు ద్వీపాల పేర్లున్నాయి. మనిషినై పుట్టిన నాకు తౌడు పేరుంది.

అసలు ప్రమాదం మొదటి రోజే జరిగింది. కొత్తవాళ్ళెవరు వచ్చినా ఆయన అడిగే మొదటి ప్రశ్న, "పేరేమిటి? అర్థమేమిటి?" అని. "టి. నాయుడండి" అన్నాను. "టి అంటే?" అన్నారు. ఆయన వెనకాల గోడకి ఒక కేలండరు వేలాడుతోంది. దాని మీద వామనావతారం బొమ్మ. "త్రివిక్రమ నాయుడండి" అనేశాను. ఆయన మొహం వెలిగిపోయింది. "ఆహా! మూడడుగుల్లో లోకాలన్నీ కొలిచినవాడు! ఇంత పేరు పెట్టినందుకు మీ నాన్నగారికి నమస్కారం చెప్పు" అన్నారు. ఆ రోజు నుంచి "త్రివిక్రమా, ఆ జల్లెడ అందుకో. త్రివిక్రమా, చీమలు పట్టాయి చూడు" అని రోజుకి వందసార్లు. నాకది అమృతంలా ఉండేది. మా ఆఫీసు కిటికీ మూల ఒక కుమ్మరిపురుగు మట్టితో గూడు కట్టి, దాన్లోకి పచ్చపురుగుల్ని మోసుకొచ్చేది. అది పురుగు చెవిలో ఝుమ్మని తన పేరే చెప్పి చెప్పి, చివరికి ఆ పురుగుని కూడా తనలాగే చేసేస్తుందని మా అమ్మమ్మ చెప్పేది. భ్రమరకీటన్యాయం అని పెద్దవాళ్ళంతా అనేదే. నన్నూ రోజూ వందసార్లు త్రివిక్రమా అంటున్నారు కదా, ఏదో ఒక రోజు పొద్దున్నే లేచేసరికి నేను త్రివిక్రముణ్ణే అయిపోయి ఉంటానని నమ్మకం కుదిరింది. ఓసారి మాస్టారితో ఆ న్యాయం సంగతి ఎత్తితే ఆయన నవ్వి, గూడు చిదిమి చూపించారు. "ఈ కుమ్మరిపురుగూ ఒక కందిరీగే నాయనా. పచ్చపురుగు కందిరీగ అవదు. కందిరీగ దాన్ని కుట్టి పడుకోబెట్టి, పక్కన గుడ్డు పెట్టి పోతుంది. పిల్ల పురుగుని తినేసి బయటికొస్తుంది. వచ్చేది వేరు, పోయేది వేరు." ఆ మాట ఆ పూటంతా నన్ను వదల్లేదు. త్రివిక్రముడు బయటికి రావాలంటే తవిటయ్యని ఎవరో తినాలన్నమాట. పోనీలే, తినేస్తే తినెయ్యనీ అనుకున్నాను. ఇరవయ్యొక్క ఏళ్ళప్పుడు మనిషికి తనలో ఏది పోయినా లెక్కుండదు.

అలాంటి రోజుల్లో ఒకనాడు పదిన్నర వేళ, మాస్టారు మైక్రోస్కోపులో కన్ను పెట్టి ఉండగా, కిటికీ బయట నుంచి వినిపించింది.

"ఒరే తవిటీ...గా! ఇక్కడున్నావేట్రా?"

నా చేతిలో గాజుగొట్టం జారింది. మాస్టారు తల ఎత్తారు. "ఎవరయ్యా ఆవిడ? ఎవర్ని పిలుస్తోంది?"

"ఎవరో తౌడు అమ్మే ఆవిడండి" అన్నాను. నోటికి అదే వచ్చింది. "తౌడు కావాలా అని కేకేస్తోంది."

"తౌడా! పిలు, పిలు. మిల్లు తౌడంతా ఊకేనయ్యా, పురుగులు చిక్కిపోతున్నాయి" అంటూ ఆయన కుర్చీలోంచి లేవబోయారు. నేను ఆయనకంటే ముందు వీధిలోకి ఉరికాను. కొన్నమ్మ గేటు పట్టుకుని నిలబడి ఉంది, నెత్తిన ఖాళీ బియ్యం గంప, చేతిలో తేగల కట్ట. ఊళ్ళోంచి నడిచే వచ్చినట్టుంది, కాళ్ళ నిండా ఎర్రదుమ్ము. "నీ పురుగుల్ని సూద్దారని వొచ్చినాన్రా. నివ్వు పురుగుల్ని పెంచుతన్నావంటే ఊళ్ళో ఎవుడూ నమ్మడం లేదు" అంది. ఇప్పుడు కుదరదు కొన్నమ్మా, పెద్దాఫీసరు లోపలున్నారు, ఇంకోసారి రా అన్నాను. ఆవిడ ఒకసారి కిటికీ వైపు, ఒకసారి నా వైపు చూసింది. "సర్లే. తేగలు తినీ, ఎండిపోతాయి" అని కట్ట నా చేతిలో పెట్టి వెనక్కి తిరిగింది. లోపలికొచ్చి, ధర కుదరలేదండి అని చెప్పాను. మాస్టారు రెండు రోజులు ఆ తౌడు తలుచుకుని బాధపడ్డారు.

ఆ రోజు తేగలు తింటూ కూర్చుని గట్టి నిర్ణయానికొచ్చాను. పేరు మార్పించుకోవాలి, కాగితం మీద, సర్కారు ముద్రతో సహా. అయితే నాకో ధర్మసందేహం వచ్చింది (నాకు ధర్మసందేహాలు ఎప్పుడూ అధర్మం చేసే ముందే వస్తాయి). మా వైపు కొందరిళ్ళలో, అమ్మిన పిల్లవాడికి పెళ్ళి చేసే ముందు, కన్నతల్లి కొన్నావిడ గుమ్మంలోకి వెళ్ళి, తవ్వెడు తౌడూ ఒక చీరా ఇచ్చి "నా బిడ్డని నాకిచ్చెయ్యి" అంటుంది. ఆవిడ "తీసుకో" అంటుంది. దాంతో బేరం చెల్లు. మరి బేరం చెల్లకుండా పేరు మార్చుకుంటే ఏ గండం వస్తుందో! సైన్సు ఆఫీసులో పనిచేస్తూ ఇదేం నమ్మకం అనకండి. పగలు సైన్సు పెట్టెల్లో ఉండేది, భయం నాలో ఉండేది. పెళ్ళిదాకా ఆగే ఓపిక లేదు, అమ్మని రమ్మంటే ఎందుకని అడుగుతుంది. చివరికి ఆ తవ్వెడు తౌడూ నేనే పట్టుకెళ్ళి ఇచ్చేస్తే సరి అని తేల్చుకున్నాను. చీర సంగతి మర్చిపోయినట్టు నటించాను.

తౌడు ఎక్కడిది? ఆఫీసులో బస్తా నిండుకుంది. మూలనున్న ఒక పెట్టెలో మాత్రం పైకి శుభ్రంగా, వెన్నెలలా మెత్తగా కనిపించింది. తవ్వెడు తీసి గుడ్డలో మూటకట్టి, ఆదివారం సైకిలు మీద ఊరెళ్ళాను. ఆ పెట్టెలో అంతకు ముందు రోజే మాస్టారు స్వహస్తాలతో రెక్కలపురుగు గుడ్లు చల్లారన్న సంగతి నాకు తెలీదు. తెలిసినా చూడలేను, అవి గసగసాల్లో సగం ఉంటాయి. కొన్నమ్మ మూట విప్పి చూసి, గుప్పెడు తీసి వాసన చూసింది. తర్వాత, "నాకు తెచ్చినావేట్రా? నాకేనా?" అని అడిగింది. అవునన్నాను. ఆవిడకి ఎవరూ ఎప్పుడూ ఏదీ తెచ్చినట్టు లేదు. తౌళ్ళో పుట్టి తౌళ్ళో పెరిగిన మనిషికి తౌడు తెచ్చినందుకు కళ్ళు తుడుచుకుంది. "మంచి తౌడు. దాసుకుంతాను" అని, బియ్యం గంపల పక్కనున్న బానలో పోసి మూత పెట్టింది. "తీసుకో" అనే మాట మాత్రం ఆవిడ అనలేదు. అడగాల్సిన అమ్మ అక్కడ లేదు కదా. అయినా బేరం చెల్లినట్టే అనుకుని, సైకిలెక్కి రామతీర్థం కొండ ఎడమవైపుగా జారిపోతుంటే, గాలికి చొక్కా ఉబ్బి, నేను నిజంగానే లోకాలు కొలుస్తున్నట్టుంది.

తర్వాత ఐదారు వారాలు నా జీవితంలో అంత హాయిగా ఎప్పుడూ గడవలేదు. అద్దుడు కాగితాల నిండా 'త్రివిక్రమ నాయుడు' అని సంతకాలు చేశాను. కొమ్ము ఎంత పొడుగు లాగాలి, కింద గీత ఒకటా రెండా అని మధ్యాహ్నాలన్నీ ఆలోచించాను. గాజుగొట్టాల్లో కందిరీగలు వెలుతురు వైపు ఎగబడి, అద్దానికి తగిలి, వెనక్కి జారి, మళ్ళీ ఎగబడేవి. వాటినలా చూస్తూ, పేరు మార్పు దరఖాస్తులో 'కారణము' అన్నచోట ఏం రాయాలా అని కలలు కన్నాను. ఆ దరఖాస్తు పూర్తిచేసి చొక్కా జేబులో పెట్టుకున్న శనివారం నాడే మా అమ్మ దగ్గర్నించి కబురొచ్చింది, కొన్నమ్మ ఇంట్లో ఏదో అరిష్టం పుట్టింది, ఒకసారి రమ్మని.

వెళ్ళేసరికి ఆవిడ వాకిట్లో జల్లెడ పట్టుకుని కూర్చుని ఉంది. ఇంట్లో అడుగుపెట్టగానే బూడిదరంగు రెక్కలపురుగులు ముఖానికి తగిలాయి. గోడల మీద, దూలాల మీద, ఉట్టి మీద, రోకలి మీద. గంపల్లో బియ్యం దారాలు కట్టి ఉండలు చుట్టుకుంది. ఆ వారం ఆవిడ బియ్యం ఎవరూ కొనలేదట. నాకు ఆ పురుగుల్ని పరిచయం చెయ్యక్కర్లేదు. నేను అన్నం పెట్టి పెంచినవే. "నీ తౌడు పోసిన బానలోంచే లేసినాయిరా ముందు" అంది కొన్నమ్మ. గొంతు తగ్గిపోయింది. "బియ్యం పోతే పోనాయి. నివ్వు తెచ్చినదాంట్లోంచే ఇలాటి పురుగు లేసిందంటే, నీకేటైనా గండమేటని నాకు బువ్వ సయించడం లేదు." తిట్టినా బాగుండేది. నేను సైకిలు ఎక్కి తిన్నగా మాస్టారి దగ్గరికి పోయి, మా ఊళ్ళో ఒకరింట్లో రెక్కలపురుగు పడిందండి, కార్డులు కావాలి అన్నాను. కార్డంటే అట్టముక్కకి తుమ్మజిగురుతో అంటించిన గుడ్లు, కందిరీగలు లోపల తయారుగా ఉన్నవి. కార్డులు ఇచ్చి పంపిస్తారనుకున్నాను. ఆయన టోపీ పెట్టుకుని "పద, నేనూ వస్తా" అన్నారు.

ఆయన ఆ ఇంట్లో అడుగుపెట్టిన తీరు ఇప్పటికీ నా కళ్ళ ముందుంది. తప్పిపోయిన బంధువుల్ని చూసినట్టు చేతులు చాచి, "కార్సైరా! మన ఆఫీసులో కూడా ఇంత బాగా రాలేదయ్యా!" అన్నారు. తర్వాత మర్యాద గుర్తొచ్చి, "అమ్మా, ఈ తౌడు ఎక్కడిది?" అని అడిగారు.

"మావోడే తెచ్చినాడు బాబూ. మా తవిటిగాడు."

"తవిటిగాడెవరు?"

కొన్నమ్మ జల్లెడతో నన్ను చూపించింది. మాస్టారు నన్ను చూశారు, జల్లెడని చూశారు. "ఇతను త్రివిక్రముడు కదమ్మా?" అన్నారు.

"ఎవుడు బాబూ ఆడు?" అంది ఆవిడ.

నేను చెవి మీద వాలిన రెక్కలపురుగుని దులుపుకున్నాను. ఆ తర్వాత మాస్టారు, ఎంత కోపం రావాల్సిన చోటైనా పేరు వినబడితే ఆగలేని మనిషి కాబట్టి, "తవిటి అంటే ఏమిటమ్మా అర్థం?" అన్నారు. ఆవిడ చెప్పింది. చేట, కొంగు, తవ్వెడు తౌడు, ఒక పూట, "ఆ పూటంతా ఏడుపు మానలేదు బాబూ, నా వొళ్ళో పడుకున్నాకే మానినాడు" అన్న ముక్కతో సహా. మాస్టారు జేబులోంచి నోటుబుక్కు తీసి రాసుకున్నారు. రాసుకోవడం అయ్యాక అప్పుడు నా వైపు తిరిగి, "మరి ఆఫీసు తౌడు ఈ బానలోకి ఎలా వచ్చింది నాయనా?" అన్నారు మెల్లిగా. ఇక దాచడానికి చోటు లేదు. పేరు నచ్చకపోవడం, అబద్ధం, దరఖాస్తు, బేరం తిప్పేద్దామనుకోవడం, అన్నీ నేల చూస్తూ చెప్పేశాను.

కొన్నమ్మ జల్లెడ కింద పెట్టింది. "అయితే నివ్వు తెచ్చింది నా కోసం కాదన్నమాట" అంది. కాసేపటికి, "ఆయేల గేటు కాడ నానున్నప్పుడు, ఎవురో తౌడు అమ్మే ఆవిడని అన్నావు. ఇనబడ్డాది. నా సెవులకేటీ తెగులు లేదు" అంది. ఇంకాసేపటికి అంది, "నాను అమ్మినదాన్ని కాన్రా. కొన్నదాన్ని."

నాకు ఆ క్షణంలో నేల చీలి లోపలికి పోతే బాగుండుననిపించింది. మాస్టారే నన్ను కాపాడారు. ఏమీ జరగనట్టు కార్డులు తీసి, ఒక్కో గంప చెవికీ దారంతో కట్టడం మొదలుపెట్టారు. ఒక గొట్టంలో బయటికొచ్చిన కందిరీగల్ని, పైన భూతద్దం పెట్టి ఆవిడకి చూపించారు.

"ఇవేటి, నలకలా?" అంది ఆవిడ.

"కందిరీగలమ్మా."

"కుడతాయేటి?"

"కుట్టవు."

"కుట్టనిదానికి కందిరీగని పేరెందుకు? పోనీ, దీని సొంత పేరేటి?"

"ట్రైకోగ్రామా."

కొన్నమ్మ భూతద్దంలోంచి తల ఎత్తకుండానే నవ్వింది. "ఓలమ్మా! నలకంత లేదు, అంత పేరా? అంత పేరెడితే బతుకుతాదా బాబూ? నలకమ్మ అనండి, నాలుగు కాలాలు ఉంటాది." మాస్టారు అది కూడా రాసుకున్నారు. తర్వాత ఆయన వివరించారు. ఈ నలకమ్మ తన గుడ్డుని ఆ రెక్కలపురుగు గుడ్డులో పెడుతుందమ్మా, పిల్ల అక్కడే పెరుగుతుంది, రెక్కలపురుగు గుడ్డులోంచి రెక్కలపురుగు రాదు, ఇది వస్తుంది అని. ఆవిడ శ్రద్ధగా విని, చాలాసేపు ఆలోచించి అడిగింది.

"మరి ఆ బిడ్డ ఎవురిది బాబూ? గుడ్డెట్టిన తల్లిదా, ఇల్లిచ్చిన తల్లిదా?"

రెండు ద్వీపాల చరిత్ర చెప్పగలిగిన మాస్టారు టోపీ తీసి తల గోక్కున్నారు. "పుస్తకం చూడాలమ్మా" అన్నారు.

కొన్నమ్మ లేచి, నా దగ్గరికొచ్చి, నా చొక్కా జేబులోంచి పైకి కనబడుతున్న కాగితాన్ని వేలితో తాకింది. ఆవిడకి చదువు రాదు. "ఇదేనా?" అంది. ఇదే అన్నాను. "మార్చుకోరా. నానేటి అడ్డమా? ఆ పేరు నివ్వు బతకాలని పెట్టినాం. బతికినావు, మీసం వొచ్చినాది, సర్కారు కొలువొచ్చినాది. ఇంక దాంతో పనేటి? ఇష్టమైన పేరెట్టుకో, ఆ బాబు సెప్పినట్టు పెద్ద పేరెట్టుకో." అంతవరకూ మామూలుగానే అంది. తర్వాత నా చొక్కా చెయ్యి పట్టుకుంది. "పేరు తీసుకుపో. గుంటణ్ణి మాత్రం ఇయ్యను."

నేను ఇరవయ్యొక్క ఏళ్ళ సర్కారు ఉద్యోగిని, ఆఫీసరు ఎదురుగా, ఆ బియ్యం పురుగుల మధ్య నిలబడి వెక్కి వెక్కి ఏడ్చాను. ఆవిడ కొంగుతో నా ముఖం తుడిచింది (ఆ కొంగు నిండా తౌడే, నేను ఇంకా వికారంగా తయారయ్యాను). మాస్టారు గంపల వైపు తిరిగి చాలాసేపు కార్డులు లెక్కపెట్టారు.

తర్వాతి నెలంతా ప్రతి ఆదివారం నేను వెళ్ళి, ఆవిడ గంపలన్నీ ఎండలో పోసి, జల్లించి, కొత్త కార్డులు కట్టాను. చెడిపోయిన బియ్యానికి బదులు మా గాదెలో వడ్లు తెచ్చి దంచాను. రోకలి ఎత్తడం లోకాలు కొలవడం కంటే కష్టమని అప్పుడే తెలిసింది. పురుగు తగ్గింది. ఎండ ప్రతాపమో, జల్లెడ ప్రతాపమో, నలకమ్మ ప్రతాపమో నేను చెప్పలేను. మాస్టారు మాత్రం నలకమ్మదేనని రిపోర్టు రాశారు. ఆయన నన్ను కోప్పడలేదు, మెమో ఇవ్వలేదు. కాకపోతే బదిలీ అయి వెళ్ళేదాకా నన్ను త్రివిక్రమా అనే పిలిచారు. నా పేరు తవిటయ్యండి అని ఎన్నిసార్లు చెప్పినా, "తెలుసు నాయనా, కానీ ఈ పేరు మీద నేను చాలా వివరంగా మాట్లాడి ఉన్నాను" అనేవారు. దరఖాస్తు ఏమైందో గుర్తు లేదు. ఆఫీసు రిజిస్టర్లో మాత్రం నేనే వెళ్ళి, 'టి' చెరిపించి, పేరు పూర్తిగా రాయించాను. రిటైరయ్యేదాకా ఆ పేరే నడిచింది.

నా పెళ్ళికి ముందు మా అమ్మ తవ్వెడు తౌడూ, చీరా పట్టుకుని కొన్నమ్మ గుమ్మంలోకి వెళ్ళి, "నా బిడ్డని నాకిచ్చెయ్యే" అంది. కొన్నమ్మ చీర తీసుకుంది. అంచు బాగుందంది. తౌడు మాత్రం మళ్ళీ మా అమ్మ కొంగులోనే పోసి పంపించేసింది. ఇద్దరూ గుమ్మంలో నిలబడి చాలాసేపు నవ్వుకున్నారు. ఇప్పుడు ఇద్దరూ లేరు.

మొన్న కంటి ఆసుపత్రికి వెళ్ళాను. హాలు నిండా జనం. రిజిస్టరు రాసే అమ్మాయి, మా మనవరాలి వయసుంటుంది, "టి అంటే ఏంటి తాతగారూ?" అని అడిగింది. నా చీటీలో ఎవరో కుదించి రాసినట్టున్నారు. తవిటయ్య అన్నాను, అందరికీ వినబడేలా. "అంటే అర్థం ఏంటండీ?" అంది నవ్వాపుకుంటూ. ఒకావిడ నన్ను కొనుక్కుందమ్మా, మిగతాది చాలా ఉంది, వెనక లైను ఆగిపోతుంది అన్నాను. పక్కనున్న నర్సు నా కళ్ళలో చుక్కలు వేసి, పేరు పిలిచేదాకా తెరవొద్దు, కూర్చోండి అంది. కూర్చున్నాను. పిలిస్తే ఎలా పిలుస్తారో నాకు తెలుసు, నాయుడుగారూ అంటారు, మర్యాదగా, మెల్లిగా. అయినా ముసలివాణ్ణి, తెలివితక్కువవాణ్ణి, కళ్ళు గట్టిగా మూసుకుని, మూడు వీధుల అవతలనుంచి వచ్చే కేక కోసం చెవి ఒగ్గి, అరగంటసేపు అలాగే కూర్చున్నాను.